పదమూడో అక్షరం

వార్సాకి దూరంగా ఓ చిన్న ఊళ్లో, చవగ్గా భోజనం పెట్టే పాల హోటల్లో క్యాబేజీ చారు ఇంకా పొయ్యి దిగలేదు, బోనిఫాత్సీ మాత్రం అప్పటికే మరుగుతున్నాడు. ఎదుట బల్ల మీద అర్జీ: ‘జాతి కోసం, సంస్కృతి కోసం’ ఊరి గ్రంథాలయం ఖాళీ చేయించి, ఆ గదిని తన పేరిట వీరుడి మ్యూజియం చెయ్యాలని. ఇంకొక్క సంతకం చాలు. గ్రంథాలయం నడిపే అపొలోనియా టీచరమ్మ మూలన కూర్చుని టీ కలుపుకుంటోంది.

“నేను గుర్రాన్ని తోలుకెళ్లానంతే, జెనోన్!” అన్నాడు బోనిఫాత్సీ. “అప్పట్లో మన మహాకావ్యాన్ని టీవీ వాళ్లు సీరియల్‌గా తీస్తున్నారు, గుర్రం కావాలన్నారు. తీరా చూస్తే హీరోకి కళ్లెం ఎటుంటుందో తెలీదు. ఎక్కి చూపించా. ఆ తర్వాత ఏమైందో తెలుసా? వేట సీను. వీళ్లు గుడ్డతో ఎలుగుబంటిని కుట్టుకొచ్చారు, అడవిలోంచి అసలుదే దిగింది! అందరూ చెట్లెక్కారు. నేను దాని చెవి పట్టుకుని...”

“చెవి అందిందా?” అన్నాడు రొట్టెలు కాల్చే జెనోన్.

“అదే వంగిందయ్యా, కావ్యంలో ఉన్నట్టే లిథువేనియా ఎలుగు, మర్యాద తెలిసింది! ఆ పైన యుద్ధం సీను. రష్యా సైనికుల వేషాల్లో నాలుగొందల మంది. నేనొక్కసారి కత్తి తిప్పానో లేదో, వేషాలైనా విప్పకుండా సరిహద్దు దాటేశారు. మాస్కోలో టీవీ చూస్తున్నవాళ్లు మంచాల కింద దూరారట!”

“ఆ సీను మాకు కనబళ్లేదే?” అంది వంటావిడ, గరిటె పట్టుకునే.

“అసలుది విను తల్లీ! హీరో పద్యం మర్చిపోయాడు. గుర్రమ్మీంచే ఆశువుగా అందుకున్నా: ‘లే, నా దేశమా! నీ వెంట నేనున్నాను!’ డైరెక్టరు భోరుమన్నాడు. వార్సాలో ఆ కావ్యం రాసిన కవిగారి విగ్రహం తల ఊపింది, ట్రాముల్లో జనమంతా చూశారు! ఇలాంటివాడికి ఒక గది ఇవ్వలేని జాతి కూడా జాతేనా? పెట్టు జెనోన్, సంతకం!”

జెనోన్ కలం మూత తీశాడు.

టీచరమ్మ చెంచా పక్కన పెట్టి వేళ్లు మడవసాగింది. “లే, నా, దే, శ, మా...” పక్కబల్ల వాళ్లూ మడిచారు. ఆ కావ్యాన్ని బళ్లో బెత్తం భయంతో కంఠతా పట్టనివాడు ఊళ్లో లేడు. పాదానికి పదమూడు అక్షరాలు, చచ్చినా పదమూడే.

“పన్నెండే వచ్చాయి, బోనిఫాత్సీ.”

“పదమూడోదా... సెన్సారు ఉన్న రోజులు కదా టీచరమ్మా, కోసేశారు! అంత ప్రమాదకరమైన అక్షరం!”

“సెన్సారు వాళ్లూ మన బళ్లలోనే చదివారు నాయనా. కోస్తే పాదమంతా కోసేవాళ్లు, లెక్క తప్పేవాళ్లు కాదు.”

“ఆ కాగితం ఇటివ్వు. నా పేరు కొట్టెయ్యాలి,” అంది వంటావిడ. జెనోన్ కలం ఆవిడ చేతికిచ్చాడు.

చారు దిగింది. ఎవరూ అటు వెళ్లలేదు. కలం కోసం వరుస కట్టారు.