కొబ్బరి గుడ్లూ చెనిక్కాయ గుడ్లూ

"పెద్దమ్మా, ఈ చాక్లెట్ గుడ్లు చేసేది మీకెవరు నేర్పినారు? నువ్వూ మా మరియమ్మత్తా ఎప్పటినుంచి చేస్తాండారు?"

ఎవరు నేర్పుతారే సునీతా మాకు. చెడగొట్టుకుని నేర్చుకున్నాం ఇద్దరం. ఉండు, ఆ కాయితం ఇలా అందుకో. ఒక్కోటీ విడివిడిగా చుట్టాలి, లేపోతే విమానం దిగేసరికి అన్నీ కలిసి ఒకే ముద్దయిపోతాయి. మీ కడప ఎండ మామూలు ఎండా? ఆ ఐసు సంచి డబ్బా అడుగున పెట్టు. ఆ, అలాగ. రేపు దిగగానే ముందు మరియమ్మ ఇంటికెళ్లు తెలిసిందా, మీ ఇంటికి తర్వాతెళ్లొచ్చు. ఒకే వీధేగా. మీ అమ్మేం అనుకోదులే, నేను చెప్పానని చెప్పు.

ఏవడిగావు... ఆ, ఎప్పటినుంచంటే. మామా వాళ్లింట్లో నేను పనికి చేరిన కొత్తలోనే. మామా అంటే ఇప్పుడు లోపల మంచంలో ఉందే, మా యజమానురాలు, ఈ ముసలావిడే. అప్పుడు నిక్షేపంలా తిరిగేది, మార్కెట్టుకి కూడా తనే వెళ్లేది. ఇక్కడికి రెండిళ్ల అవతల మరియమ్మకి పని. ఇద్దరం చెత్త పారెయ్యడానికి ఆ వీధి చివర డ్రమ్ము దగ్గరికొచ్చేవాళ్లం. ఒకరోజు చెప్పు తెగిందని తనలో తను తెలుగులో తిట్టుకుంటోంది. నాకు ప్రాణం లేచొచ్చినట్టైంది. మీదేవూరమ్మా అన్నాను. కడప పక్కన అంది. మాది కోనసీమ అంటే "యాడుంది అది?" అంది. చూశావా! కోనసీమ ఎక్కడుందో తెలీదంట మహాతల్లికి. అక్కడే మొదలు మా పోట్లాట. ఇప్పటిదాకా ఆపలేదు.

మరే, ఈస్టర్ గుడ్ల సంగతి కదా. నీకు తెలుసుగా, ఈ అరబ్బు దేశంలో ఆదివారం డ్యూటీ రోజు. అందుకే ఆరాధన తెల్లారగట్లే పెట్టేసేవారు ఘాలా చర్చిలో. మామా మంచిది, ఆ పూట వెళ్లిరమ్మనేది. సైట్లకెళ్లే కుర్రాళ్లు కంపెనీ బట్టల్లోనే వచ్చి కూర్చునేవారు, ప్రార్థన అవగానే అట్నించటే బస్సెక్కేసేవారు. పండగపూట వాళ్ల నోట్లో తీపి పెట్టేవాళ్లెవరే? ఫిలిప్పీన్ అమ్మాయిలు మెరిసే కాయితాల్లో చాక్లెట్ గుడ్లు పంచుకుంటుంటే మనవాళ్లు చూస్తూ నిలబడేవారు. అవి కొనాలంటే ఆ రోజుల్లో మన జీతానికి అందేవా? ఒక రియాలు పెట్టి ఫోను కార్డు కొనుక్కోవడానికే వెనకా ముందూ ఆడేవాళ్లం. అప్పుడు మరియమ్మే అంది, "మనం చేసుకోలేమాక్కా?" అని.

కొబ్బరి లౌజు నాకొచ్చుగా. చిన్నప్పట్నించీ కొబ్బరి మధ్యే పుట్టి పెరిగాను. మా ఆయన సత్యం దింపు తీసేవాడు, దింపంటే చెట్టెక్కి కాయలు దింపడం. సాయంత్రం ఇంటికొస్తే మనిషికన్నా ముందు కొబ్బరి పీచు వాసన వచ్చేది. ఈ దేశంలోనే సలాలా వైపు నుంచి ఇక్కడికి కొబ్బరికాయలొస్తాయి కదా, మొదటిసారి ఆ కాయ కొట్టి వాసన చూసి ఏడ్చాను నేను. సర్లే. లౌజు చేసి, గుడ్డులాగ అరచేతిలో ఒత్తి, కరిగించిన చాక్లెట్లో ముంచాలి, అంతే కదా అనుకున్నాం. అంతేనా? మొదటేడు గిన్నె తుడవకుండా పెట్టింది మరియమ్మ, అడుగున నీటి చుక్క ఉండిపోయింది. చాక్లెట్టంతా బిరుసెక్కి మట్టిగడ్డలైపోయింది. ఆ మరుసటేడు లౌజు చల్లారకుండానే ముంచాను నేను, పైపొరంతా జారిపోయింది. ఆ తర్వాత ఒకేడు బాగానే వచ్చాయి, ఫ్రిజ్‌లో పెట్టి తీస్తే పైనంతా తెల్లగా. బూజు పట్టిందని మొత్తం పారబోశాం! మామా చూసి నెత్తి కొట్టుకుంది. అది బూజు కాదంట, చల్లదనానికి చాక్లెట్ అలా తెల్లబడుతుందంట. బెల్లం పాకం మానేసి ఖర్జూరం గుజ్జు కలపమని చెప్పింది కూడా ఆవిడే. అప్పట్నించి కుదిరింది.

అయితే మరియమ్మ ఊరుకుంటుందా? కొబ్బరేందక్కా పీచు నమిలినట్టు, చెనిక్కాయలు వేయించి పొడి చేస్తే ఎట్లుంటాదో చూడు అనేది. మేం వేరుశనగలంటే అది చెనిక్కాయలనేది. అందుకని పళ్లెంలో సగం నావి, సగం దానివి. కుర్రాళ్లు ఏవి ముందు తీస్తారా అని ఓరగా చూసుకునేవాళ్లం ఇద్దరం, ప్రార్థన చేస్తున్నట్టే ఉండి.

ఇంకోటి చెప్పాలి. శనివారం చేసేవాళ్లం కదా, ఈస్టర్ ముందు ఉపవాసాల శ్రమ దినాలు ఇంకా అయిపోలేదు. మేమిద్దరం తీపి ముట్టేవాళ్లం కాదు. చేస్తూ చేస్తూ రుచి చూడకూడదు, వేలు నాకకూడదు. అదీ మా పట్టు. తీపి సరిపోయిందో లేదో ఆదివారం తెల్లారాకే తెలియాలి. ఒకేడు ఏమైందో తెలుసా? మరియమ్మ ఇంటి దగ్గర్నుంచి తెచ్చుకున్న చెనిక్కాయల కారం ఉంటుందే, అన్నంలోకి, ఆ పొట్లం విప్పి కలిపేసింది. రంగు అదే, రుచి చూడం, ఇంకెలా తెలుస్తుంది! చాక్లెట్లో ముంచి బంగారంలా సర్దాం. పాపం ఒక కుర్రాడు నోట్లో పెట్టుకుని కళ్లనీళ్లు పెట్టుకుంటే, ప్రభువు లేచాడని ఆనందబాష్పాలేమో అనుకుంది పాస్టరుగారి భార్య. అమ్మో... నవ్వలేక చచ్చాం ఆ రోజు.

నవ్వవేంటే? నీకు నవ్వు రాలేదా? సరే.

మొదటి గుడ్డు మాత్రం ఎవరికి వాళ్లు తినకూడదు. ఎదుటివాళ్లు పెట్టాలి. ఆరాధన అయ్యాక బయట వేపచెట్టు కింద నిలబడి మరియమ్మ "ప్రభువు లేచినాడక్కా" అనేది, నేను "నిజంగా లేచాడే" అని నోరు తెరిచేదాన్ని. తర్వాత నేను దానికి పెట్టేదాన్ని. దానికి కొబ్బరిది, నాకు చెనిక్కాయది. కావాలని అలా పెట్టుకునేవాళ్లం, ఏడిపించుకోడానికి.

ఆ ఏడు... నీకు ఎవరన్నా చెప్పారో లేదో. శనివారం పొద్దున్నే వచ్చేసింది మరియమ్మ. రోజూ వాకిట్లోంచే గొంతు వినపడేది, ఆ రోజు చప్పుడు లేకుండా వచ్చి పీట మీద కూర్చుంది. చెనిక్కాయలు తేలేదేంటే అన్నాను. "ఈసారి అన్నీ కొబ్బరివే చేద్దాంలేక్కా" అంది. నేను పొంగిపోయాను చూడు! కడప ఓడిపోయింది, కోనసీమ గెలిచింది అని రోజంతా దాన్ని ఆటపట్టిస్తూనే ఉన్నాను. కొబ్బరి తురుముతూ మా ఆయన గురించి చెబుతున్నాను. ఈసారి వెళ్లినప్పుడు ఇంక చెట్లెక్కనివ్వను, చిన్న కొట్టు పెట్టించి కూర్చోబెడతాను అని. పాటలు కూడా పాడాను. అది తలొంచుకుని గుడ్లు ఒత్తుతూనే ఉంది. కళ్లు ఎర్రగా ఉంటే ఏంటే అని అడిగాను, ఉల్లిపాయలు తరిగొచ్చినాను అంది. నమ్మేశాను.

ఆదివారం తెల్లారి వేపచెట్టు కింద గుడ్డు చేతిలో పట్టుకుని నిలబడింది. ప్రభువు లేచినాడక్కా అనలేదు. ఏంటే అలా ఉన్నావు, ఇంటి దగ్గర అందరూ బాగున్నారా అన్నాను. "చెప్తాగానీ, ముందు నువ్వు తినుక్కా" అంది. ముందు చెప్పవే అన్నాను. "ముందు నువ్వు తిను. మళ్లీ నీ నోట్లోకి ఏమీ పోదు" అంది.

పెట్టింది. కొరికాను. అప్పుడు చెప్పింది, మా ఆయన పోయాడని.

శుక్రవారం రాత్రి నిద్రలోనే పోయాడంట. గుండె. శనివారం మట్టి కూడా చేసేశారు, నేనెలాగూ అందనని తెలుసు కదా వాళ్లకి. ఒక్కదాన్నే ఉన్నప్పుడు వింటే ఏమైపోతానో అని మా తమ్ముడు దానికి ఫోను చేశాడు, పండగయ్యాక మెల్లిగా చెప్పమని. ఆ గుడ్డు ముక్క నా నోట్లోనే ఉండిపోయింది సునీతా. మింగలేను, ఉమ్మలేను. మా ఆయన బతుకంతా ఏ కొబ్బరి కోసం చెట్లెక్కాడో ఆ కొబ్బరి. ఎవరో నీళ్లిచ్చారు. మింగలేదు. చెంగులోకి తీసేశాను.

దాన్ని తిట్టాను. ఘోరంగా తిట్టాను. రోజంతా నన్ను పాటలు పాడనిచ్చావు కదే, నా మొగుడు మట్టిలో ఉంటే నవ్వనిచ్చావు కదే అన్నాను. అది నా కాళ్ల దగ్గర కూర్చుని, "నిన్న చెప్పింటే నిన్నటి దినం గూడా పోయిండేది కదక్కా. ఒక్క దినమన్నా నిలబెడదామనుకున్న్యా" అంది. చాలా నెలలు మాట్లాడలేదు దాంతో. డ్రమ్ము దగ్గర ఎదురుపడితే మొహం తిప్పుకునేదాన్ని. అది చేసింది తప్పో ఒప్పో ఇప్పటికీ నాకు తేలలేదు. కానీ నేను కోనసీమ గెలిచిందని ఎగిరిన ఆ శనివారం ఉందే, అదే నాకు మా ఆయనతో ఆఖరి రోజు. ఆయన ఉన్నాడనే అనుకుని బతికిన రోజు. అది ఇచ్చింది మరియమ్మే. ఆ మాటే ఒకరోజు దానికి చెప్పి ఏడ్చాను, అదీ ఏడ్చింది, మళ్లీ ఏ ఏడూ మానలేదు గుడ్లు చెయ్యడం.

దానికి జబ్బు చేసి ఇంటికెళ్లిపోయాక కూడా మానలేదు. ఫోనులో కనపడుతూ నోరు తెరిచేది, నేనిక్కడ గుడ్డు ఫోనుకి ఆనించేదాన్ని. అద్దమంతా చాక్లెట్టే! తర్వాత దాని పేరు చెప్పి నేనే తినేసేదాన్ని. ఈ పొద్దున ఆరాధనయ్యాక ఎన్నిసార్లు చేశానో, ఎత్తలేదు. మందులేసుకుని పడుకునుంటుంది. కొడుకన్నా ఎత్తాలి కదా. వాడు కూడా ఎత్తలేదు. పండగ కదా, చర్చికెళ్లుంటాడు.

అందుకే నేనింకా తినలేదు. దాని మొహం చూశాక తిందామని.

ఈసారి చూశావుగా, అన్నీ చెనిక్కాయవే చేశాను. ఒక్కటి కూడా కొబ్బరిది లేదు. గొంతు దిగట్లేదన్నారు కదా, అందుకే పొడి రెండుసార్లు జల్లించమన్నాను నిన్న నీతో. నోట్లో పెట్టగానే కరిగిపోవాలి. నువ్వే పెట్టాలి దానికి. కోనసీమ ఓడిపోయిందంట అత్తా అని చెప్పు, నవ్వుతుంది. నవ్వకపోతే... అదేంటే, ఆ కాయితం అలా నలిపేస్తున్నావు? ఇలా తే.

నిన్న కూడా అంతే నువ్వు. జల్లెడ పడుతున్నంతసేపూ మాట లేదు. ఏంటే అంటే తలనొప్పన్నావు. పొద్దున చర్చిలో కూడా తలెత్తలేదు. ఇంటికెళ్తున్న పిల్ల ఎలా ఉండాలి? నీ కళ్లు చూడు... సునీతా. ఇటు చూడు. మరియమ్మ కొడుకు నీకు ఫోను చేశాడా? వాళ్లమ్మ ఎలా ఉందే?

"చెప్తా పెద్దమ్మా. ముందు నువ్వు తిను."

...

ఏమన్నావ్?

... సరే. సరేలే అమ్మా. ఏడవకు. నిన్నట్నించి ఎలా మోశావే తల్లీ ఒక్కదానివే. పొడి జల్లిస్తూ, నా సోదంతా వింటూ. చిన్నదానివి. నీ కడుపు చల్లగుండాలి, ఇలాంటి మాట మోసే అవసరం మళ్లీ నీకు రాకూడదు. దేవుడు నిన్ను చల్లగా చూడాలి. ఆ ముక్కు తుడుచుకో. ఆ డబ్బా మూసెయ్యకు, అవి అలాగే తీసుకెళ్లు, వాళ్ల పిల్లలున్నారు.

ఇదిగో, నోరు తెరిచాను. పెట్టు.

...

బాగుంది. తీపి సరిపోయింది.

ఆ. మింగేశానే. ఇంక చెప్పు.