ఎవరూ దించలేని జడ్జి

న్యూయార్కులోని దిగుమతి సుంకాల కోర్టులో విచారణ ముగిసింది. ముసలి జడ్జిగారి గదిలోకి, ఒకప్పుడు ఆయన దగ్గర పని నేర్చుకుని ఇప్పుడు అదే కోర్టులో జడ్జి అయిన ఆవిడ వచ్చి తలుపు వేసింది.

“తలుపెందుకమ్మా?”

“సార్, ఇందాక లాయరు పెలెటియర్‌ని, సుంకం లెక్కకి ఆ సరుకు గొడుగా గుడారమా అని మూడుసార్లు అడిగారు.”

“సరిగ్గా చెప్పలేదేమో.”

“మొదటిసారే చెప్పింది. మీరు రాసుకున్నారు కూడా.”

“జనం నవ్వారా?”

“నవ్వి ఉంటే నేను వచ్చేదాన్ని కాదు. అందరూ తలలు దించుకున్నారు.”

“చచ్చేదాకా ఈ కుర్చీ నాదే. నన్నెవరూ దించలేరు, తెలుసుగా?”

“తెలుసు సార్. అందుకే మిమ్మల్నే దిగమంటున్నాను.”

“నా కుర్చీ మీద కన్నేశావా ఏమిటి?”

“పక్క గదిలో నా కుర్చీ నాకుంది సార్.”

ఆయన ఇందాక రాసుకున్న కాగితం తీసి చూసుకున్నారు.

“మా ఆవిడ ఈమధ్య చెప్పిందే చెబుతోంది. పెద్దదైపోయింది, మతిమరుపనుకున్నాను.”

ఆయన కాగితం కింద పెట్టారు.

“అంటే నేను మళ్ళీ మళ్ళీ అడుగుతుంటే చెబుతోందన్నమాట.”

“అయ్యుండొచ్చు సార్.”

“ఒక్కసారీ విసుక్కోలేదే.”

“సార్...”

“రాజీనామా నువ్వే రాయమ్మా. సంతకం పెట్టి ఇంటికి పోతాను.”