గడియల్లేని దేశం

అసిరమ్మ అని ఒకావిడ ఉండేదంట. మొగుడు పోయాడు, పారి అని ఒక్కతే కూతురు. వాళ్ళ దేశంలో ఏ ఇంటి తలుపుకీ గడియ ఉండకూడదు, రాజుగారి ఆజ్ఞ. ఎందుకంటారా? రాజుగారి భటులు ఎప్పుడు రావాలనిపిస్తే అప్పుడు రావద్దూ మరి! ధాన్యం కనపడితే ధాన్యం పట్టుకుపోతారు, పిల్ల కనపడితే పిల్లని. సంతలో ఒక భటుడి కన్ను పారి మీద పడిందంట, అప్పట్నుంచీ అసిరమ్మ పిల్లని గాదెలో దాచిపెడుతోందంట.

ఏమైందంటే, ఓడ మీద ఒక పరదేశి వచ్చాడు. మంచివాడే పాపం, ఆ దేశం మాట కూడా నేర్చుకున్నాడు. ఊరు చూపించమని రాజుగారు ఒక భటుణ్ణి తోడిచ్చారు. ఎవరినంటారు? ఆ సంతలో వాడినే! ఇద్దరూ అసిరమ్మ ఇంటికొచ్చి మంచినీళ్ళడిగారు. పరదేశి తలుపు తడిమి చూసి, మా దేశంలో ఇంటికి మూడు గడియలమ్మా, అయినా నిద్రపట్టదు, మీకు భయమంటేనే తెలీదు, ఒకళ్ళంటే ఒకళ్ళకి ఎంత నమ్మకమమ్మా అని మురిసిపోయాడంట. భటుడు మీసం దువ్వుకుంటున్నాడు. అసిరమ్మ ఏమంటుంది? "అవును బాబూ" అంది. "గాదెకైనా తాళం లేదా?" అని ఆయన మూత ఎత్తాడు. లోపల పారి, మోకాళ్ళలో తల దాచుకుని. "అబ్బ, మీ ఆడపిల్లలకి ఎంత సిగ్గమ్మా!" అన్నాడంట. సిగ్గంట, వింటున్నారా! భటుడు వంగి చూసి, "ఇక్కడున్నావా పిల్లా? సందేళకి వస్తాలే" అని మెల్లిగా చెప్పి పోయాడు.

అసిరమ్మ పక్కింటి బోడెమ్మ దగ్గరికి పరిగెత్తింది. "సందేళకి వస్తానన్నాడే!" బోడెమ్మ చేస్తున్న పని ఆపి, "నా కూతుర్ని పట్టుకుపోయిన నాడు తలుపుకి వీపు ఆనించి నేనొక్కదాన్నే కూర్చున్నానే. ఒక్క వీపు చాల్లేదే" అంది. ఇద్దరూ ఇల్లిల్లూ తిరిగారంట. మగాళ్ళేమన్నారంటారా? రాజుగారి మాట, మనం కలగజేసుకుంటే బాగోదు అని అరుగులు దిగలేదు. ఆడాళ్ళే కదిలారు. ఓడ ఎక్కడానికి పోతున్న పరదేశి ఎదురై, "అందరూ కలిసి పేరంటానికా?" అన్నాడంట. "అవును బాబూ, పెద్ద పేరంటం" అంది బోడెమ్మ. మీ దేశపు ఆడవాళ్ళంత సుఖపడేవాళ్ళు ఎక్కడా లేరని చెప్పి సంతోషంగా వెళ్ళిపోయాడు.

సందె పడింది. భటుడు వచ్చి తోశాడంట. తలుపు కదల్లేదు. కాలితో తన్నాడు. లోపల తలుపుకి ఆనించిన ఆడాళ్ళ వీపులు అదిరాయి గానీ ఒక్కరూ పక్కకి జరగలేదు. ఇంకో నలుగుర్ని తెచ్చి తోయించాడంట. తోసి తోసి, రేపొస్తాం అని పోయారు. ఆ పూటకి పిల్ల దక్కింది. మర్నాడేమైందంటారా? మర్నాడూ కూర్చున్నారు, ఇంకేం చేస్తారు? కథ అయిందని నేను లేస్తున్నాను గానీ, వాళ్ళు ఇంకా లేవలేదంట.