పేరున్న ముక్క

నా మీద అరిస్తే ఏమొస్తాదప్పా ఏలీయా? ఇది ఆళ్లగడ్డ టాకీసు. పేర్లు చదివేకి ఎవురూ రారు ఈడికి. హీరో గుర్రమెక్కి రావల్ల, జనం ఈలలేయల్ల, అంతే. పేర్లేసే ముక్క తీసేస్తే ఆట బేగా అయిపోయి చాగలమర్రి బస్సు అందుతాది వాళ్లకి. ఈ ఆపరేటరు జకరయ్య చేసింది అదే.

కూర్చో. కూర్చోని తిట్టు.

డెబ్బై ఒకట్లో నంద్యాల వదిలి మద్రాసు పోయినావ్. ఇప్పుడు ఎనభై ఐదు. ఏం బావుకున్యావ్? ఎవురో ఎడిటరు కింద ఫిలిం ముక్కలు అతికించుకుంటా కండ్లు పోగొట్టుకుంటివి. తర్వాత నాలుగు కత్తియుద్ధాల సినిమాలకి నువ్వే ఎడిటర్వి, ఈ పక్కకు వచ్చింది ఒకటే. ఎవురికి తెలుసు? దండలు కత్తి తిప్పినోడికే ఏసిరి. ఎడిటరంటే పేపరోడా అని అడుగుతారు ఈడ.

ఇప్పుడు పని లేక ఇంటికొస్తే మీ నాయన అబ్రహాము గడప తొక్కనీలేదంట. నీ సినిమా ఆళ్లగడ్డ పోయి చూసినా, నీ పేరే లేదు, ఇన్నేండ్లు అబద్ధాలు చెప్పినావ్ అన్యాడంట. పేరుండె, నేనే కత్తిరించినా అని నేనొచ్చి ఆయప్ప ముందర చెప్పల్ల. అంతే కదా నువ్వడిగేది?

నేను రాను.

యాలంటావా? మీ నాయన నంద్యాలలో మన చర్చికి సంఘ పెద్ద. సినిమా హాల్లో పని చేస్తాడని నన్ను ప్రభువు బల్ల కాడికి రానీకుండా, రొట్టె ముట్టనీకుండా చేసినాడు. నా పెండ్లాం దేవమ్మ కాళ్లమీద పడి ఏడ్సినా మొగం తిప్పి చూడలే. అట్లాంటాయన సినిమాకి యాల వచ్చినాడో అడిగినావా?

బస్సు గిస్సు అంతా వట్టిదిలే. ఇన్నేండ్లలో ఎవురి పేరూ కత్తిరించలే నేను. నీదొక్కటే.

ఆ పొద్దు ఆట మొదులు కాకముందే మీ నాయన ఈ సినిమా మిషను రూములోకొచ్చినాడు. నన్ను ఎలేసినాయన, నాకే చేతులు జోడించినాడు. నా కొడుకు మద్రాసులో అచ్చాఫీసులో ఉండాడని చెప్పుకున్యా జకరయ్యా, ఈ సినిమా పెట్టె ఈడ్నుంచి నంద్యాలకు పోతాది, సంఘంలో కుర్రోళ్లు దొంగగా చూస్తారు, నా పెద్దరికం పోతాది అన్యాడు. నీ పేరున్న ముక్క తీసేయమన్యాడు.

నాకు శానా బాగుండెనప్పా ఆ పొద్దు. ఆయప్పను అట్లే నిలబెట్టి, రీలు ఇప్పి, ముక్క కత్తిరించి చేతిలో పెట్టినా. బల్బు కాడ పెట్టి చూసినాడు. ఇద్దరి పేర్ల కింద ఉండె నీది. రెండుసార్లు చదివినాడు, పైకే. కండ్లల్లో నీళ్లొచ్చె. జేబులో పెట్టుకుంటాడేమో అనుకున్యా.

నా చేతికే ఇచ్చి, "కాల్చేయ్" అన్యాడు. కాలిందాకా నిలబడి చూసి, తర్వాత పోయినాడు.

ఇంగ పద, నీ ఎంట వస్తా. మీ నాయనకు ఏం చెప్పల్లనో నువ్వే చెప్పు.