ఆ మాట కింద ఒక పేరు

“చోటు లేదని కాదమ్మా నేనంటున్నది. చోటుంది. చెక్కే హక్కు నాకు లేదంటున్నాను.”

రాళ్ల షెడ్డులోకి అప్పుడే ఎండ వస్తోంది. యుద్ధంలో పోయినవారి పేర్లున్న నల్లరాయి బల్ల మీద పడుకోబెట్టి ఉంది. దాన్ని త్వరలో పార్కులో నిలబెడతారు. రాయి పక్కన పేర్లు చెక్కే ముసలి మేస్త్రీ, గుమ్మంలో బట్టలు కుట్టే ఆవిడ. ఆ రాయి మీద ఇంకో పేరు చేర్చమని ఆవిడ అడిగింది; ఆయన కాదన్నాడు; ఆవిడ కదల్లేదు.

“హక్కు ఎవరిస్తారు మేస్త్రీ గారూ?”

“ఆఫీసువాళ్లు. వాళ్లు పంపిన పేర్లే నేను చెక్కాలి. నా అంతట నేను మా ఆవిడ పేరు కూడా చెక్కలేను. అడిగింది కూడాను ఒకసారి.”

“మీరేమన్నారు?”

“ముందు యుద్ధానికి వెళ్లిరా అన్నాను. మరి ఇన్నాళ్లూ ఈ ఇంట్లో నేను చేస్తున్నదేమిటి అంది. నవ్వండమ్మా, ఫరవాలేదు. లోపలికి రండి. ఆ పలక మీద కూర్చోకండి, అది ఎవరిదో సమాధిది. ఇటు, ఈ స్టూలు మీద.”

“ఒక్క పేరు. చిన్నదే. కిందెక్కడైనా, ఓ మూలకి.”

“ఆఫీసుకి వెళ్లి అడిగారా?”

“మొన్న వెళ్లి అడిగాను. కిటికీలో కూర్చునే అమ్మాయి, ఏ యుద్ధంలో పోయారండీ అంది. ఈ కంప్యూటర్లతో జరిగింది కదా, సైబర్ యుద్ధం, అందులో అన్నాను. అబ్బే, అది యుద్ధం కిందికి రాదండీ అంది. పేరులోనే యుద్ధం ఉంది కదమ్మా అన్నాను. పేరులో ఉంటే సరిపోదట. లోపల పెద్దాయన దగ్గరికి వెళ్లమంది.”

“ఆయనేమన్నాడు?”

“మర్యాదస్తుడే. మంచినీళ్లు ఇప్పించాడు. ఆ మాటకి అర్థం ఇంకా ఖాయం కాలేదమ్మా అన్నాడు. ఒక దేశం ఇంకో దేశం మీద చేస్తేనే ఆ మాట వాడాలట. అదీ బాంబు పడ్డంత నష్టం జరిగితేనేనట. దొంగలు చేస్తే నేరమట. పోకిరీలు చేస్తే ఆకతాయితనమట. ఎవరు చేశారో ఎవరూ ఒప్పుకోకపోతే దాడి అని ఊరుకోవాలట.”

“టీవీలో రోజూ వింటాం కదా ఆ మాట?”

“అదే అడిగాను. ఎవరి పేజీలోనో బొమ్మ మారిస్తే సైబర్ యుద్ధమని గొంతు చించుకుంటారు, మనిషి పోతే మాత్రం సాంకేతిక లోపం అంటారేంటండీ అన్నాను. టీవీవాళ్ల మాట వేరు, మా మాట వేరు అన్నాడు. వాళ్లు అన్నది సాయంత్రానికి గాలికి పోతుందమ్మా, మేం రాతి మీద పెడితే యుద్ధం జరిగిందని ఒప్పుకున్నట్టవుతుంది అన్నాడు.”

“ఊఁ.”

“ఊఁ అంటే ఎలా? ఏదైనా చెప్పండి.”

“నాకు మాటలు తక్కువమ్మా. మా ఇంట్లో మాటలన్నీ ఒకరే వాడేస్తారు. అయినా ఒకటి చెబుతాను. దీనికి చప్పుడు లేదు. అదే వచ్చిన చిక్కు. తుపాకీ పేలితే అర్థం ఏంటని ఎవరూ అడగరు.”

“ఈ రాయి మీద పైన ఏముంది?”

“కనపడటం లేదా?”

“కళ్లజోడు మర్చిపోయి వచ్చాను. వేలితో తడుముతుంటే... య... ఇది యుద్ధమేనా?”

“యుద్ధమే. యుద్ధంలో అసువులు బాసినవారు అని. ఆ ధ వత్తు దగ్గర నా ఉలి జారింది. ఎవరితోనూ అనకండి.”

“అనను. నాకు ఆ పేరు ఈ మాట కింద ఉండాలి. ఇంకెక్కడున్నా లాభం లేదు.”

“విడిగా ఒక పలక చేసిస్తాను. మంచి రాయి ఉంది నా దగ్గర. ఇంట్లో పెట్టుకోండి.”

“వద్దు. ఈ మాట కిందే.”

“ఎందుకమ్మా అంత పట్టుదల?”

“మా వాడి కోసం.”

“మీ అబ్బాయా?”

“ఒక్కగానొక్కడు. ఆ పేరున్నావిడ పోయిన దగ్గర్నుంచీ గదిలోంచి బయటికి రావడం లేదు. లైటు వెయ్యనివ్వడు. ఫ్యాను వెయ్యనివ్వడు. నా కుట్టుమిషనుకి మోటారు తీసేయించాడు, మళ్లీ కాలితో తొక్కుతున్నాను. ఇంట్లో స్విచ్చి టక్కుమంటే చాలు, అవతల గదిలో మంచం కిర్రుమంటుంది. కంచం తలుపు దగ్గర పెడతాను. పెట్టింది పెట్టినట్టే ఉంటుంది.”

“అయ్యో.”

“చీకట్లో ఆవిడ పేరే పలుకుతూ ఉంటాడు. గట్టిగా కాదు. మెట్లు దిగుతూ పిలుస్తున్నట్టు. ఒక మెట్టు, ఒక పిలుపు. నేను గోడకి ఇవతల వింటూ ఉంటాను. ఈ మధ్య నాకూ అంటుకుంది. గుడ్డ కత్తిరిస్తూ కత్తిరిస్తూ ఆ పేరు అనేస్తున్నాను. మొన్న కొలతలివ్వడానికి వచ్చినావిడ, ఎవరండీ, మీ అమ్మాయా అంది.”

“ఏం చెప్పారు?”

“చెయ్యెత్తండి, చంక దగ్గర కొలవాలి అన్నాను.”

“ఆవిడ ఎలా పోయిందమ్మా?”

“ఊపిరికి మిషను పెట్టుకునేది. ముప్పై దాటాయో లేదో. పిల్లలకి పాట నేర్పేదట, ముక్కుకి గొట్టంతోనే. తను పాడలేదు కదా, వేళ్లతో తాళం వేసి, పిల్లల చేత పాడించేదట. కరెంటు ఉన్నంతసేపూ ఏ ఇబ్బందీ లేదు. పోయినా బ్యాటరీ కాసేపు ఆదుకుంటుంది. ఆ రోజు ఊరికి ఊరే పోయింది. ఫోన్లు, ఆసుపత్రి, లిఫ్టులు, అన్నీ ఒక్కసారి.”

“వైరు తెగిందా?”

“ఏదీ తెగలేదు. ఏదీ కాలలేదు. ఎక్కడో ఒక గదిలో ఎవరో నొక్కారు. అంతే.”

“లిఫ్టు కూడా లేకపోతే మరి...”

“ఆరో అంతస్తు. వాళ్ల నాన్న భుజాన వేసుకుని దిగాడు. ముసలాయన. మెట్లన్నీ చీకటి. సగం దిగాక ఊపిరాడటం లేదని తెలిసి కూలబడిపోయాడు. అక్కడే ఒళ్లో పెట్టుకుని, పేరు పెట్టి...”

“చాలమ్మా.”

“మీరే అడిగారు.”

“అడిగాను. చాలు... మీ అబ్బాయి అప్పుడు లేడా అక్కడ?”

“డ్యూటీలో ఉన్నాడు. తర్వాత ఫోనులో చూశాడు. ఆ మెట్ల మీద ఎవరో వీడియో తీశారు. మనిషి కనపడడు, అంతా నలుపే. పిలుపు మాత్రం వినపడుతుంది. అది చూసిన రోజే గదిలోకి పోయాడు.”

“ఏం ఉద్యోగం?”

“కంప్యూటర్ల దగ్గరే. గవర్నమెంటు. ఇంటికొచ్చి ఏమీ చెప్పేవాడు కాదు. అడిగితే, అమ్మా, నీ మిషను నువ్వు చూసుకో, నా మిషను నేను చూసుకుంటాను అనేవాడు.”

“రాయి మీద పేరు పెడితే పోయినావిడ రాదు కదమ్మా.”

“రాదు. ఆ మాత్రం నాకూ తెలుసు. కానీ తలుపు సందులోంచి వాడు రోజూ ఒకటే అడుగుతున్నాడు. అమ్మా, అది యుద్ధమేనా? వాళ్లు కాదంటున్నారే? అని. యుద్ధమే నాన్నా అంటాను. నువ్వంటే సరిపోదమ్మా అంటాడు. ఎవరంటే సరిపోతుందిరా అంటే, ఎక్కడైనా రాసి ఉండాలి, నలుగురూ చదివే చోట ఉండాలి అంటాడు. నిన్నయితే ఆ ప్రశ్న కూడా అడగలేదు. అందుకే పొద్దున్నే పరిగెత్తుకొచ్చాను.”

“రాస్తే అన్నం తింటాడా?”

“ఆ మాటివ్వలేదు. లైటు వేసుకుంటానన్నాడు.”

మేస్త్రీ ఉలి మొన గుడ్డతో తుడిచాడు, మళ్లీ తుడిచాడు.

“ఆఫీసులో ఆ పెద్దాయన కాయితం ఎలా చదివాడమ్మా? దగ్గరగా పెట్టుకునా, దూరంగా పట్టుకునా?”

“ముక్కు దగ్గర పెట్టుకుని.”

“అయితే కింది వరస ఆయనకి ఆనదు. ఎలాగూ పూలు పెట్టేది అక్కడే.”

“చెక్కుతారా?”

“ముందు సుద్దతో రాసుకుంటాను. పేరు చెప్పండి... ఏంటీ? మళ్లీ చెప్పండి... మొదట్లో అది క కదా?”

“క కాదు.”

“ఖ?”

“అదీ కాదు. గొంతులో గీరుకున్నట్టు రావాలి.”

“అలాంటి అక్షరం మనకి లేదమ్మా. ఖ పెడతాను. తర్వాతది? దీర్ఘం ఉందా లేదా?”

“తెలియదు. నేను రాసింది చూడలేదు, విన్నదే. వాడు పిలిచేటప్పుడు సాగుతుంది. అది దీర్ఘమో, ఏడుపో నేను చెప్పలేను.”

“దీర్ఘమే పెడతాను. చెక్కేముందు ఒకసారి పైకి అనుకోవడం నాకు అలవాటు. లేకపోతే తప్పు పోతుంది... ఇదిగో, ఇలాగేనా?”

“అలాగే. అన్నారు కదా, ఇక మీ నోట్లోంచీ పోదు... ఏంటి అలా చూస్తున్నారు?”

“ఇది మన వైపు పేరు కాదు.”

“కాదు.”

“అటువైపు పేరు.”

“అవును మేస్త్రీ గారూ. చెక్కరా ఇక?”

“ఈ రాయి మీదున్నవాళ్లందరూ అటువైపువాళ్ల చేతుల్లో పోయినవాళ్లమ్మా.”

“తెలుసు.”

“మా తమ్ముడున్నాడు ఇందులో.”

“ఎక్కడ?”

“మీ వేలి కింద. తియ్యక్కర్లేదు, ఉండనివ్వండి. వాడి పేరు చెక్కేటప్పుడు పైకి అనలేదు నేను. చిన్నప్పటి నుంచీ పిలిచిన పేరే కదా, ఎక్కడ తప్పుతానులే అనుకున్నాను. చూడండి, ఒక గుడి తక్కువ.”

“మళ్లీ చెక్కచ్చు కదా?”

“రాయి అమ్మా ఇది. మీ గుడ్డ అయితే విప్పి కుట్టచ్చు... మీ అబ్బాయి అటువైపు పిల్లని చేసుకున్నాడన్నమాట.”

“మేస్త్రీ గారూ...”

“అందుకే ఆఫీసులో ఒప్పుకోలేదు. ఆ సంగతి మొహం మీద అనలేక మాటలకి అర్థాలు చెప్పి పంపించారు. సరే, పోనివ్వండి. ఎవరికి ఎక్కడ ముడిపడుతుందో ఎవరికి తెలుసు. పెళ్లయిన పిల్లకి మెట్టినింటివాళ్లే తనవాళ్లు. ఎవరైనా నిలదీస్తే, మన ఊరి కోడలు, మన రాయి మీద కాక ఎక్కడుంటుంది అంటాను. మా తమ్ముడున్నా అదే అనేవాడు. పెళ్లి భోజనం పెట్టలేదని మాత్రం మిమ్మల్ని దెప్పేవాడు.”

“ఒక్క మాట వినండి.”

“ఉలి పట్టుకున్నాను. మాట్లాడించకండి.”

“ఆపండి. ఆ చెయ్యి ఆపండి.”

“మొదటి గీత పడిపోయింది.”

“పడనివ్వండి. ఆపండి. మీ తమ్ముడి పేరు నా వేలి కింద ఉందని చెప్పాక నేనింక దాచలేను.”

“ఏం దాచారు?”

“ఆవిడ నా కోడలు కాదు.”

“మరెవరు?”

“ఎవరూ కాదు. మా వాడు ఆవిణ్ణి ఎప్పుడూ చూడలేదు. ఆ పిలుపు విన్నాకే ఆవిడ పేరు తెలిసింది వాడికి. మిగతాదంతా అటువైపు వార్తల్లో విన్నాడు.”

“చూడని మనిషి కోసం అన్నం మానేశాడా?”

“వాడి చిన్నప్పుడు, దీపం ఆరిపోయింది అనకూడదు నాన్నా, కొండెక్కింది అనాలి అని నేనే నేర్పాను. ఆ మాట ఉద్యోగానికి పట్టుకెళ్లాడు. అక్కడ అందరికీ నచ్చిందట. వాళ్లూ యుద్ధం అనేవాళ్లు కాదట మేస్త్రీ గారూ. దాడి అనేవాళ్లు కాదట. ఇవాళ ఏ ఊరు కొండెక్కిద్దాం అనుకునేవాళ్లట. నవ్వుకునేవాళ్లట. పనయ్యాక పైవాళ్లకి ఫోను చేసి, ఊరు కొండెక్కిందండీ అని చెప్పేవాళ్లట.”

“ఆ ఊరు...”

“ఆ ఊరు మా వాడి వంతు. నొక్కింది వాడే.”

మేస్త్రీ ఉలి బల్ల మీద పెట్టేశాడు.

“కోప్పడండి. లేదా పొమ్మనండి. అలా ఊరుకోకండి.”

“అందుకా మీకీ మాట కావాల్సింది?”

“అది యుద్ధమైతే మా వాడు సిపాయి మేస్త్రీ గారూ. కాదంటే వాణ్ణి ఏమని పిలవాలో, కన్నతల్లిని, నాకు నోరు రావడం లేదు.”