మూడు వందల యాభై రెండో పేజీ దాటిన ఎజ్రా సారు

1992వ సంవత్సరం ఆగస్టు 17వ తేదీ, సోమవారం ఉదయం పదిన్నర గంటలకు, జక్రాన్‌పల్లి బస్సు దిగి, చేతిలో టిఫిను డబ్బా, చంకలో తడిసిన గొడుగు పెట్టుకొని, శ్రీ ఎజ్రా గారు మన కళాశాలలో తెలుగు ఉపన్యాసకులుగా పదవీ బాధ్యతలు స్వీకరించినారు. ఆనాడు హాజరు పట్టీలో సంతకం పెట్టడానికి వారికి కలం అందించిన చెయ్యి గ్రంథాలయ అటెండరు భీమవ్వది. ముప్పై మూడేండ్ల నాలుగు నెలల నిర్విరామ సేవానంతరం ఈ డిసెంబరు 31న వారు పదవీ విరమణ చేయుచున్న సందర్భంలో ఈ సన్మాన సంచికకు ఈ అక్షరాలు రాస్తున్నదీ ఆ చెయ్యే. రెండో తరగతి దాటని మనిషికి ఇంత పెద్ద పని ఎవరు అప్పజెప్పిండ్రని చదివేవాళ్లు అడుగవచ్చు. సారే అప్పజెప్పినారు. ఎందుకన్నది ఈ నెల పదో తేదీన స్టాఫ్ రూంలో పడ్డ పిడుగుతో ముడిపడి ఉన్నది. దాని దడ ఇంకా ఎవరికీ తగ్గలేదు. అయినా వరుస ప్రకారమే చెప్పాలె.

శ్రీ ఎజ్రా గారి తండ్రి కీర్తిశేషులు జీవరాజు గారు పరుల పసుపు చేన్లలో కూలి చేసి, కొమ్ములు ఉడకబెట్టే కడాయిల సెగకు చేతులు కాల్చుకొని, కుమారుని ఎం.ఏ. దాకా చదివించినారు. ఆ కష్టాన్ని ఏనాడూ మరువని సారు, తరగతిలో ఒక్కనాడైనా కుర్చీ మీద కూర్చుని పాఠం చెప్పలేదు. వారి కంఠమాధుర్యం ఎట్లాంటిదంటే, ఆదివారం చర్చిలో వారు వాక్యం చదువుతుంటే బయట రోడ్డు మీద సైకిల్ మీద పోయేవాడు కాలు కింద పెట్టి నిలబడేవాడు.

1993 జూలైలో ముసురు పట్టి గ్రంథాలయం కప్పు కారింది. ఎవరో దాతలు ఇచ్చిన రష్యా పుస్తకాల కట్ట, ఇంకా ఎవరూ విప్పి చదువనిది, నిండా నానిపోయింది. అందులో రెండు లావు నవలలు, రెండూ ఒకే రచయితవి, తెలుగులో అచ్చయినవి. ఆయన పేరు భీమవ్వ నోట ఇప్పటికీ తిరుగదు. అట్ట మీది బొమ్మ చూసి కళాశాలంతా ఆయనను గడ్డపు తాత అనే పిలిచేది. కుట్లు తెగి, అట్టలు ఊడి, పదహారు పేజీలకొకటిగా ఫారాలు విడిపోయి బల్ల మీద కుప్పయినవి. సగానికి సగం ముద్దయి పారేయవలసి వచ్చింది. నిజామాబాద్ నుంచి బైండింగ్ చేసే రాజలింగు కుట్టు వేసే ఆరె, దారం, మైలుతుత్తం కలిపిన మైదా గమ్ము పట్టుకొని వచ్చి, “నాకు చదువు రాదు, ఫారాలు వరుసగ పెట్టియ్యుండ్రి, కుడుత” అన్నాడు. భీమవ్వకు అక్షరాలు కూడబలుక్కోవడం కష్టమే గాని అంకెలు బాగా వచ్చు. ఆరబెట్టిన ఫారాలను పేజీ నంబర్ల ప్రకారం ఒకటి నుంచి చివరి దాకా పేర్చి ఇచ్చింది. ఎక్కడా ఒక్క నంబరు తప్పలేదు. మిగిలినదంతా కలిసి ఒక నిండు నవల అయింది. “ఒక్కటన్న బతికింది” అని అందరూ భీమవ్వను మెచ్చుకున్నారు. ఆ మెప్పు ముప్పై రెండేండ్లు నిలిచింది.

ఆ పుస్తకంతోనే సారు శనివారం ఆఖరి గంట ప్రారంభించినారు. సిలబస్‌లో లేదు, పరీక్షకు రాదు, అయినా తలుపు దగ్గర కూడ పిల్లలు నిలబడేవారు. గడ్డపు తాత శైలి గురించి సారు చెప్పిన మాటలు విన్నవాళ్లు మరిచిపోలేరు. ఆయన వాక్యం మొదలైతే నిజామాబాద్‌లో బస్సెక్కి బోధన్‌లో దిగేదాకా ముగియదట. అయినా నడుమ ఎక్కడా దిగాలని అనిపించదట. పదిమందిని ఒక గదిలో కూర్చోబెట్టి, చాయ్ చల్లారేలోపల పదిమంది గుట్టూ వాళ్ల నోటనే చెప్పిస్తాడట. తప్పు చేసినవాణ్ణి తిట్టడు, వెనకేసుకు రాడు. వాని పక్కకు పోయి కూర్చుంటాడు. పోలీసు రాకముందే మనసు వచ్చి చెయ్యి పట్టుకుంటది, ఆయన నవలలన్నిటికీ మూలసూత్రం అదే అని సారు సెలవిచ్చేవారు.

కథ ఇది. ప్రొఖోర్ అనే గుమాస్తా అసూయతో, తన సోపతిగాడైన బండివాని మీద కోర్టులో అబద్ధపు సాక్ష్యం చెప్పి, మంచుదేశపు జైలుకు పంపిస్తాడు. ఏండ్లు గడిచినా మనసు నిలువక, ఒక చలిదినాన ఆ బండివాని తల్లి ఇంటికి పోయి, తలుపు కొట్టడానికి చెయ్యెత్తుతాడు. అక్కడికి మూడు వందల యాభై రెండో పేజీ ముగుస్తది. మూడు వందల యాభై మూడులో ఒక ముసలమ్మ, వచ్చినవాడెవరని అడుగకుండ వేడి గంజి పోస్తది. అతడు గంజి ముట్టకుండ ఏడ్చి “తప్పు నాదే” అంటాడు. ఆమె తిడుతది, కొడుతది, ఏడుస్తది, చివరకు చల్లారిన గంజి పారబోసి మళ్లా వేడిది పోస్తది.

మొదటి ఏడే రాజేందర్ అనే విద్యార్థి లేచి, “సార్, గిప్పటిదాక ప్రొఖోర్ అని ఉండె, గీడికెళ్లి తిమొఫేయ్ అంటున్నడేంది?” అని అడిగినాడు.

సారు చిరునవ్వుతో, “రష్యాల ఒక్కొక్కరికి మూడు నాలుగు పేర్లుంటయి నాయనా. ఇంటిపేరొకటి, తండ్రి పేరొకటి, ముద్దుపేరొకటి. పైగా, తప్పు ఒప్పుకున్న మనిషి పాత పేరుతోని బతుకడు. రచయిత అందుకే పేరు మార్చిండు. శిల్పమంటే అది” అన్నారు.

ద్వారం దగ్గర నిలబడ్డ భీమవ్వ ఊరుకోక, “నిజమే సారూ, నాకు గూడ తల్లిగారింట్ల ఒక పేరు, అత్తగారింట్ల ఒక పేరు” అన్నది. తరగతంతా నవ్వింది. రాజేందర్ నోట్సులో రాసుకున్నాడు. ఆ తరువాత ముప్పై రెండు బ్యాచులు రాసుకున్నవి.

వారి ఔదార్యానికి మరో నిదర్శనం. 1996లో ఒకనాడు భోజనం వేళ, “అక్కా, అంకెలు వచ్చినంక అక్షరాలెంత దూరం?” అని సారు తామే పలకా బలపం తెచ్చి, భీమవ్వకు చదువు నేర్పినారు. ఆమె పద్నాలుగు నెలలు కష్టపడి చదివిన మొదటి పెద్ద పుస్తకం అదే. గంజి పోసే చోట ఏడ్చి, పేజీ మీద పడ్డ కన్నీటి చుక్కను కొంగుతో తుడిచింది. ఆ మరక ఇంకా ఉన్నది. 2009లో ఇన్‌చార్జి ప్రిన్సిపాలుగా ఉన్నప్పుడూ సారు శనివారం గంట వదలలేదు. 2017లో భీమవ్వ విరమణ నాడు సభలో “ఈ కళాశాలలో పుస్తకాన్ని బతికించిన మనిషి” అని పొగిడినారు. కరోనా కాలంలో ఫోన్‌లో పాఠం చెప్పుతుంటే వెనుక నుంచి వారి సతీమణి సువర్ణ గారు, “ఈయనకు ఇంట్ల ఉప్పు డబ్బ ఏడున్నదో తెల్వది, రష్యాల ఎవలింట్ల ఏమున్నదో ఎరుకే” అన్న మాట పిల్లలందరికీ వినిపించింది.

ఇప్పుడు పదో తేదీకి వద్దాం.

ఆనాడు స్టాఫ్ రూంలో సంచిక కమిటీ కూర్చున్నది. పూర్వ విద్యార్థి ముత్తన్న, బోధన్ దిక్కు చెరుకు పండించే రైతు, సన్మాన సభకు దండల సంగతి మాట్లాడుతున్నాడు. వేరే ఊరిలో లెక్చరరుగా ఉన్న పూర్వ విద్యార్థిని స్నేహలత మేడం సారుకు కానుక తెచ్చినారు. హైదరాబాదులో పాత పుస్తకాల ఫుట్‌పాత్ మీద దొరికిన అదే నవల, అసలు అట్టతో, చెదరని కుట్లతో. తొందరలో తాము కూడ తెరిచి చూడలేదట. సారు కండ్లకద్దుకొని, “ఆ గంజి ఘట్టం వినుండ్రి” అంటూ మూడు వందల యాభై మూడో పేజీ తీసినారు.

రెండు వాక్యాలు చదివి ఆగినారు. వెనుక పేజీ చూసినారు, ముందు పేజీ చూసినారు. ముప్పై మూడేండ్లలో చదువుతూ ఆగని గొంతు ఆగిపోయింది.

“ప్రొఖోర్ తలుపు కొట్టలేదు” అన్నారు, తమలో తాము.

స్నేహలత మేడం పుస్తకం అందుకొని చివరిదాకా తిరగేసినారు. ప్రొఖోర్ ఎత్తిన చెయ్యి దించుకొని వెనుకకు పోతాడు. ఎవరికీ చెప్పడు. పెద్ద ఉద్యోగస్తుడవుతాడు. ఆఖరి అధ్యాయంలో ఊరంతా కూడి అతన్ని కుర్చీలో కూర్చోబెట్టి సన్మానం చేస్తది. ఏమీ తెలియని బండివాని తల్లి వచ్చి చేతిలో పూలు పెడుతది. అతడు “సంతోషం” అంటాడు. నవల అయిపోతది.

ఎవరి చేతిలోనో చాయ్ గ్లాసు ఒరిగి బల్లంతా పారినా తుడిచినవారు లేరు. సారు లేచి, “ముప్పై రెండు బ్యాచులకు నేను లేని కథ చెప్పిన. తప్పు పెట్టుకొని కుర్చీల కూసోని దండ ఏయించుకునుడు ప్రొఖోర్ పని. నేను కూసోను. సభ బంద్ చేయుండ్రి” అని వెళ్లిపోయినారు.

కమిటీలోనే ఉన్న భీమవ్వ లేచింది. గ్రంథాలయంలోకి పోయి పాత ప్రతి తీసి, మూడు వందల యాభై రెండు దగ్గర కుట్టు విప్పి చూసింది. ఇరవై రెండో ఫారం కాగితం కొంచెం పసుపు, ఇరవై మూడోది కొంచెం తెలుపు. రెండు పుస్తకాలు, రెండు కథలు. చదువు నేర్చిన తరువాత ఎన్నిసార్లు చదివినా ఆ రంగు తేడా కనబడలేదు గదా అని తల కొట్టుకున్నది. ఆ తేడా ఇంకెవరికీ తెలియదు. రాజలింగు పోయి పదేండ్లయింది. కుట్టినవానిదే తప్పని ఆమె అంటే ఆ అతుకు రాజలింగు ఖాతాలోనే పోయేది.

మరునాడు పొద్దున మాక్లూర్ నుంచి బస్సులో వచ్చి, ముత్తన్నను తోడు తీసుకొని, నిజామాబాద్‌లో సారు ఇంటి ముందు నిలబడి, తలుపు కొట్టడానికి చెయ్యెత్తింది. ఎత్తిన చెయ్యి గాలిలోనే ఉండిపోయింది.

“ఏందవ్వా, కొట్టవా?” అన్నాడు ముత్తన్న.

“ఆగు బిడ్డా, గీడనే కదా ప్రొఖోర్ ఎనుకకు మర్లిపోయింది” అన్నది.

కొట్టింది. సువర్ణ గారు తలుపు తీసి, ఏమీ అడుగకుండ చాయ్ పెట్టినారు. భీమవ్వ గ్లాసు ముట్టలేదు.

“సారూ, తప్పు మీది గాదు. నాది. అంకెలు కలిసినయి, నేను కలిపిన. రెండు పుస్తకాల ఫారాలని ఎరుకలేదు. సూడుండ్రి” అని కుట్టు విప్పిన పుస్తకం ముందర పెట్టింది.

సారు ఆ రెండు పేజీల నడుమ వేలు పెట్టి చాలాసేపు చూసినారు. “అంటే తిమొఫేయ్ వేరే మనిషా అక్కా?”

“వేరే మనిషే సారూ.”

“శిల్పమని చెప్తినిగదా!”

“నేను గూడ రెండు పేర్లని సాక్ష్యం చెప్తిని” అన్నది భీమవ్వ ఏడ్చుకుంట.

సారు తల అడ్డంగా ఊపి, “చదువురాని నువ్వు అంకెలు చూసినవు. ఎం.ఏ. చదివి, అతుకును చూసి నేను శిల్పమన్న. ఎవలిది పెద్ద తప్పు?” అన్నారు. సభ మాట ఎత్తితే మాత్రం చెయ్యి అడ్డం పెట్టినారు.

అప్పుడు ముత్తన్న లేచినాడు. దండల గురించి తప్ప వేరే మాట ఎరుగని మనిషి అనుకున్నారు అందరూ.

“సార్, 2004ల నేను ఫైనలియర్. మా అన్న చెరుకు తోట కాలిపోయింది యాదికున్నదా? నిప్పు నాది. నా మడిల చెత్త కాలవెట్టిన, గాలి మర్లింది. మరాఠీ కోతోళ్ల బీడీతోని అంటుకున్నదని ఊరంత అన్నది. వాళ్ల మేస్త్రీని, ముకాదాన్ని, కట్టేసి కొట్టిండ్రు. నేను నిలబడి చూసిన సార్. ఆ దినం శనివారమే, ఆఖరి గంటల మీరు గంజి పాఠం చెప్పిండ్రు. ఇంటికి పోయి అన్నకు చెప్పిన. చెప్పు తీసుకొని కొట్టిండు. తెల్లారి ఇద్దరం పోయి ఆ ముకాదం కట్లు విప్పి కాళ్లు మొక్కినం.”

ఇరవై ఒక్క ఏండ్లు సారుకు చెప్పకుండ కడుపులో దాచుకున్న మాట అది.

“పుస్తకం అతుకే కావచ్చు సార్. నేను అన్న ముంగట నిలబడ్డది అతుకు గాదు. అసలు కథ చెప్పి ఉంటే, ప్రొఖోర్ లెక్క నేను గూడ మర్లిపోదునేమో. గియ్యాల ఊర్ల పెద్దమనిషినయి దండలేయించుకుందును.”

సారు కండ్లద్దాలు తీసి తుడుచుకున్నారు. పెట్టుకొని మళ్లా తుడుచుకున్నారు. “కూసుంట. కాని ఒక షర్తు. సంచికల నా గొప్పలు వద్దు. ఈ అతుకు సంగతంత అచ్చు కావాలె, నా తప్పుతోని సహా. రాసేది భీమవ్వక్కనే” అన్నారు. ముత్తన్న తన సంగతి కూడ పేరుతో సహా వేయమన్నాడు. చల్లారిన చాయ్‌ను సువర్ణ గారు పారబోసి, మళ్లా వేడిది పోసినారు. అప్పుడు గాని గదిలో ఉన్నవాళ్లకు అది ఎక్కడ చదివినమో తట్టలేదు.

షర్తు ప్రకారం అంతా రాయడమైనది. గడ్డపు తాత రెండు నవలలు ముప్పై రెండేండ్లు ఒక్క కుట్టులో ఉన్నా ఎవరికీ అనుమానం రాలేదంటే, ఆయన ఏ కథలోనైనా మనిషి గుండె ఒకటే తీరున కొట్టుకుంటదని సారు మొదటి నుంచి చెప్పిన మాట మాత్రం అబద్ధం కాదు.

సారు ఇప్పుడు రెండు నవలలకు సగం సగం పాఠకులు. మొదటిదాని చివరి భాగం నిదానంగా చదువవలసి ఉన్నది. గంజి పోసిన ముసలమ్మ ఎవరో, తిమొఫేయ్ ఏ తప్పు చేసి ఆమె గడపకు వచ్చినాడో తెలుసుకొనుటకు రెండోదాని తొలి భాగం వెతకవలసి ఉన్నది. స్నేహలత మేడం వెతుకుతున్నారు. సంక్రాంతి దాటినాక సారు కంటికి ఆపరేషను. ఆ కన్ను తేటపడి, ఆ కంఠం అట్లనే నిలిచి, శ్రీమతి సువర్ణ గారితో ఆయురారోగ్యాలతో వారు నూరేండ్లు వర్ధిల్లి, ఆ రెండు కథలను వేరువేరుగా, మొదటి నుంచి చివరి దాకా, శనివారం ఆఖరి గంటలోనే మనకు వినిపించాలని మనసారా కోరుకుంటూ, ఈసారి ఫారాలు పేర్చే ముందు అక్షరాలు కూడ చదువుతానని మాట ఇస్తున్నది,

భీమవ్వ
విశ్రాంత గ్రంథాలయ అటెండరు, మాక్లూర్