ప్రసూనాంబ టీచరు చెప్పిన అనార్ద్ర

ఏందే మోనికా, అదేదో నోట్లోనే గొణుక్కుంటా ఉండావు? ఇంగోపారి చెప్పు. యాన్‌హైడ్రసా? అంటే ఏందంట? నీళ్లు లేనిదా? ఓయబ్బ, అనార్ద్రని పట్టుకోనా పొద్దుట్నించీ ఇంత తంటాలు పడతా ఉండావు! ఏంది అట్ల సూస్తావు? మీ జేజికి ఆ మాట యాడ తెలుసనా? నేనూ బడికి పోయినదాన్నేలే. మా కాలంలో సైన్సు తెలుగులోనే చెప్పేది. అనార్ద్ర కాపర్ సల్ఫేట్. ఆ పేరు ఇప్పుడు నోట్లో అనుకున్నా నాకు రోమాలు నిక్కబొడుస్తాయి. పుస్తకం రొంత పక్కన పెట్టు. ఎట్లా నువ్వు సదవను రాలేదుగదా ఈడికి. మీ తాత పోయి నెల దాటె, ముసిల్ది ఒక్క చుక్క కన్నీరు పెట్టలేదు, ఒగ మాట మాట్లాడించు పో అని మీ నాయన పంపించినాడు. సోమారం తిరపతికి ఆ కౌన్సిలింగు డాక్టరు కాడికి తీసకపోతాడంట గదా? నాకు కండ్లు మసకే గానీ చెవులు బాగుండాయి. కూసో. ప్రసూనాంబ టీచరు సంగతి చెప్తాను.

ఆయమ్మ చిత్తూరు నించి మన నగరికి బదిలీ మీద వచ్చింది. మనిషి పొట్టి. గొంతు మటుకు ఈ వీధిలో మగ్గాలన్నీ ఒక్కపారే ఆడినా దాటుకోని ఇనపడేది. కుక్కలంటే చచ్చేంత భయం. ఎండైనా వానైనా గొడుగు లేకుండా గడప దాటేది కాదు, ఎండకీ కాదు, వానకీ కాదు, కుక్కలకి! మేము ఎనకాల నించి బౌ అని అరిచి సందులోకి దూరేవాళ్లం. అబద్ధం అంటే ఆయమ్మకి అన్నంలో రాయి. పక్కదాని పుస్తకంలో సూసి రాసినామని తెలిస్తే, 'తెలీదంటే చెప్పిస్తాను, తెలుసని అబద్ధం చెప్తే మటుకు బెంచీ దిగనియ్యను' అనేది. దిగనిచ్చేది కూడా కాదు. ఒగనాడు బోర్డు మీద అనార్ద్ర అని రాసి, 'అందరూ అనండే' అనింది. మా నోళ్లు తిరిగితేనా? అనారుద్ర, అనారుద్ర అని అరిచినాము. దానికి అర్థం ఏమని అడిగింది. నేను లేచి, 'ఆరుద్ర కార్తిలో వాన పడకపోతే అనారుద్ర టీచర్' అనేసినాను. మాకు తెలిసిన ఆరుద్ర అదే గదా, ఆరుద్ర కురిస్తే దారిద్ర్యం ఉండదని మా అవ్వ ఎప్పుడూ అంటా ఉండేది. క్లాసంతా పకపకా నగినారు. టీచరు నగలేదు. కండ్లద్దాలు తీసి తుడుచుకోని, 'మునిలక్ష్మీ, నీకు తెలీకుండానే సరిగ్గా చెప్పినావే. ఆర్ద్ర అన్నా ఆరుద్ర అన్నా తడే. మనసు కరిగినా ఆర్ద్రత అనే అంటారు. ముందర ఆ అన్ చేరితే తడి లేదని' అనింది. ఒక్క ముక్క ముందర చేరితే కురిసేది కురవనిదైపోతాదా అని నాకు ఆశ్చర్యం. ఇంటికి పోయి పొయ్యి కాడ మా యమ్మకి చెప్తే, 'మీ టీచరమ్మ పంచాంగం కూడా చెప్తాదా?' అనింది.

మా యమ్మ కుప్పమ్మ. నూలుకి రంగులద్దడంలో ఈ వీధిలో ఆమె తర్వాతే ఎవురైనా. తడి నూలు సూసి, ఆరితే ఏ రంగు తేల్తాదో చెప్పేసేది. మా నాయన నేసేది, మూట కట్టుకోని తిరపతిలో, చిత్తూర్లో అంగళ్లకి ఏసి వచ్చేది. ఆ ఎండాకాలం అట్లే పోయినాడు. పూతలపట్టు కాడ బస్సు దిగి టీ తాగతా ఉంటే లారీ వచ్చి కొట్టేసింది. ఇంటికి తెచ్చినారు. మా యమ్మ వచ్చి సూసింది, నాయన చొక్కా గుండీ ఊడిపోయి ఉంటే సరిచేసింది, గోడకి ఆనుకోని కూసుండింది. అంతే. ఏడుపు లేదు, మాట లేదు. ఎత్తుకపోయినా అంతే, కర్మంతరం అయిపోయినా అంతే. పెడితే రెండు ముద్దలు తింటాది, లేకపోతే లేదు. ఆడోళ్లందరూ చేరి, 'ఏడవ్వే కుప్పా, ఏడవకపోతే లోపల్నే గడ్డ కట్టుకోని పానం తీస్తాది' అని గిల్లేది, చెంపల మీద కొట్టేది. నన్నూ తమ్ముణ్ణీ ముందర నిలబెట్టి, 'ఈ బిడ్డల్ని సూసైనా ఏడు' అనేది. మమ్మల్ని సూస్తాది, మా ఎనకాల ఉండే గోడనీ అట్లే సూస్తాది. మా పెద్దనాయన చెంగల్రాయుడు చెడ్డోడు కాదమ్మా, తమ్ముడు పోయినాడు, మరదలు కూడా పోతాదేమోనని ఆయన భయం. యాడో కొండ కింద ఒగాయన ఉండాడంట, మిరపకాయల పొగ పెట్టి, ఏపమండలతో కొట్టి ఏడిపిస్తాడంట. శుక్రారం బండి కట్టిస్తానన్నాడు. ఇంటి ఎదురుగా ఒగామెకి అదే వైద్యం చేయించింటే ఏడిచింది నిజమే, ఆ పైన ఏడుపు ఆపలేదు, మనిషి దక్కలేదు. అందుకే నాకు ఆ బండి మాట అంటేనే భయం.

బేస్తవారం సాయంత్రం గొడుగు పట్టుకోని ప్రసూనాంబ టీచరు మా ఇంట్లోకి వచ్చింది. బడికి యాల రాలేదని నన్ను అడగను వచ్చింది. ఆడ జరిగేదంతా సూసింది. పెద్దనాయనతో వాదం పెట్టుకోలేదు. నా పక్క తిరిగి, 'మీ ఇంట్లో మైలుతుత్తం, అదే కాపర్ సల్ఫేట్, ఉంటాది గదా, రొంత పట్రా' అనింది. రంగుల కొట్టంలో యాల ఉండదు? నెమిలి మెడ మాదిరి నీలంగా మెరిసే పలుకులు. టీచరు వాటిని కుండ పెంకులో ఏసి, పొయ్యి మీద పెట్టి, మా యమ్మకి ఎదురుగా గొంతుక్కూసుండింది. సూస్తా ఉండంగానే పెంకులో నించి ఆవిరి లేచింది. నీలం పాలిపోయింది. పాలిపోయి పాలిపోయి తెల్లటి బూడిదైపోయింది. రంగులు ఎక్కించేదే గానీ, రంగు ఇట్ల ఇడిచిపెట్టిపోయేది మా ఇంట్లో ఎవురమూ సూసిండలేదు. గిల్లే ఆడోళ్లు కూడా నోళ్లు తెరుచుకోని నిలబడినారు. మా యమ్మ కండ్లు గోడ మీద నించి పెంకు మీదికి దిగినాయి. టీచరు ఆ పెంకుని బాగా చల్లారనిచ్చి మా యమ్మ చేతిలో పెట్టింది. 'చల్లగా ఉండాది గదా కుప్పమ్మా?' అనేసి, నాలుగు చుక్కలు నీళ్లు చిలకరించింది. సుయ్యిమనింది. తెలుపంతా నీలం! పోయిన నీలం యాడ దాక్కోనుండెనో, అంతా తిరిగొచ్చేసింది. మా యమ్మ ఉలిక్కిపడి, 'కాల్తా ఉండాదే!' అనింది. నాయన పోయినాక ఆమె నోట్లో నించి వచ్చిన మొదటి మాట అది.

మా పెద్దనాయన రెండు చేతులూ జోడించేసినాడు. 'ఇదేం మాయ తల్లీ' అంటాడు. టీచరు లేచి నిలబడి, ఆ గొంతుతో, 'మాయ కాదు చెంగల్రాయుడూ, ఇది అనార్ద్ర. తడి పోయిందే గానీ నీలం చావలేదు. అదాట్న నీళ్లు పోస్తే కాల్తాది, ఇప్పుడు సూసినావు గదా. మీరు చేసేది అదే. ఊరికే పెడితే గాలిలో ఉండే చెమ్మని అదే రొంత రొంతగా తాగి, దానంతట అదే నీలం అవతాది' అనింది. ఇంగో పెంకులో పలుకులు ఏయించి, తెల్లగా చేసి, గూట్లో పెట్టింది. 'ఇది నీలం తిరిగే దాకా ఈమెను ఎవురూ తాకగూడదు, యాడికీ తీసకపోగూడదు. మాటియ్యి' అనింది. పెద్దనాయన మాటిచ్చినాడు. శుక్రారం బండి కట్టలేదు. ఇంగ ఆయనకి పని ఏముండాది, పొద్దున్నే లేచేది, గూట్లోకి తొంగి సూసేది. తెలుపే. మర్నాడూ తెలుపే. దినాలు పోతా ఉండాయి, తెలుపే. ఇంగ ఓపిక పట్టలేక టీచరును పిలిపించినాడు. 'ఏందమ్మా ఇది, నీళ్లు చిలకరించి సూద్దామా?' అంటాడు. టీచరు పెంకు కిందికి దించి, ఆ పొడిని రెండు వేళ్ల మధ్య నలిపింది, ముక్కు కాడ పెట్టుకునింది. గోడ కాడ కూసున్న మా యమ్మని సూసింది. మా యమ్మా ఆమెను సూసింది. టీచరు పెంకు మళ్లా గూట్లో పెట్టి, 'ఇంకా అనార్ద్రమే చెంగల్రాయుడూ. నీళ్లు గీళ్లు పోసినావంటే నేను ఊరుకోను' అనేసి గొడుగు తీసుకోని పోయింది.

ఆరుద్ర కార్తి వచ్చింది. ఆ యేడు కురిసిందే తల్లీ, అట్లా ఇట్లా కాదు. ఆ వానలో మా యమ్మ లేచి, గూట్లో పెంకు తెచ్చి పెద్దనాయన ముందర పెట్టి, 'బావా, నీలం వచ్చింది సూడు' అనింది. అనేసి, రంగుల కొట్టంలోకి పోయి, నాయన నేసేదానికని ఎత్తిపెట్టిన నూలు ఒళ్లో ఏసుకోని ఏడిచింది. వీధి వీధంతా ఇనపడేట్టు ఏడిచింది. పెద్దనాయన వాకిట్లో నిలబడి ఆయనా ఏడిచినాడు. టీచరు మా ఇంటికే వస్తా ఉండింది కాబోలు, ఆ ఏడుపు ఇని గొడుగు కింద అట్లే నిలబడిపోయింది. లోపలికి రాలేదు. వీధిలో కుక్క ఒగటి కాళ్ల కాడికి వచ్చినా కదల్లేదు. రొంచేపుండి ఎనక్కి తిరిగి పోయింది. మళ్లా ఏడాది సూళ్లూరుపేటకి బదిలీ అయింది, ఆడే కాలం చేసిందంట. మా యమ్మ మటుకు బతికినన్నాళ్లూ ఆ మాట ఇడిచిపెట్టలేదు. అప్పడాలు ఎండబెట్టినా, 'ఇంకా అనార్ద్ర కాలేదే, ఇంగో ఎండ సూపించు' అనేది. అట్ల అప్పడాలు తిరగేస్తా ఉండినప్పుడే ఒగనాడు, నాకు మీ నాయన పుట్టినాక, నగతా నగతా చెప్పింది. 'ఆ పొడి రెండో దినానికే నీలం తిరిగిందే. అప్పుడే ఏడవమంటే నాకు ఏడుపు యాడిది? నాకింకా టైము కావాల్సి వచ్చింది. దాన్ని చెంగున కట్టి దాచిపెట్టి, పెంకులో సున్నం పొడి పోసినాను. మీ టీచరమ్మ నలిపి సూసింది గదా, ఆయమ్మకి తెలిసిపోయింది' అనింది. అబద్ధం అంటే అన్నంలో రాయి ఆ మనిషికి! మా యమ్మ కోసమని ఆ రాయిని అందరి ముందరా నమిలి మింగేసింది. దేవుడి మీద ఒట్టు, కొండెక్కి సామిని సూసినప్పుడు కూడా నాకు అంత...

అది సరే గానీ, మీ కాలేజీ ల్యాబులో ఆ పొడి ఉంటాది గదా? ఉంటాదిలే. రేపు వచ్చేటప్పుడు రొంత అడిగి తీసకరా. ఆ గూట్లో పెట్టి, అది నీలం తిరిగే దాకా మా జేజిని యాడికీ తీసకపోగూడదని మీ నాయనకి నువ్వే చెప్పు. సున్నమా? సున్నం నా వక్కాకు సంచిలో ఉండాదిలే.